గోత్రాల పట్టికతో పాటు ఒక రక్తపరీక్ష: ఆర్యవైశ్య సంఘాల పెద్దలకు బహిరంగ లేఖ

పెద్దలకు నమస్కారం.

రెండు తెలుగు రాష్ట్రాల్లో ఆర్యవైశ్య సంఘాలను నడుపుతున్నవారికి, వధూవరుల పరిచయ వేదికలు పెట్టి ఏటా వందల సంబంధాలు కుదురుస్తున్నవారికి, అమ్మవారి ఆలయ కమిటీల సభ్యులకు ఈ ఉత్తరం రాస్తున్నాను. నేను మీ ఆడపడుచునే. గుంటూరు జిల్లాలో ఒక జూనియర్ కళాశాలలో ముప్పై ఏళ్లు జంతుశాస్త్రం చెప్పి పదవీ విరమణ చేశాను. మెండెల్ బఠానీ మొక్కల పాఠం ఎన్నిసార్లు చెప్పి ఉంటానో లెక్కలేదు. ఆ పాఠం మా ఇంట్లోనే జరుగుతోందని తెలుసుకోవడానికి మాత్రం మా తమ్ముడు ఆపరేషన్ బల్ల మీద పడుకోవలసి వచ్చింది.

తొమ్మిదేళ్ల కిందటి మాట. తమ్ముడికి అర్ధరాత్రి కడుపునొప్పి వస్తే ఆసుపత్రికి తీసుకెళ్లాం. అపెండిక్స్ అన్నారు, వెంటనే ఆపరేషన్ చేయాలన్నారు. గంటలో వార్డుకు తెస్తామన్నారు. గంట గడిచింది, రెండు గడిచాయి. ఆపరేషన్ బాగానే జరిగిందని, మనిషి మాత్రం ఊపిరి తీసుకోవడం లేదని, వెంటిలేటర్ మీద పెట్టామని ఒక కుర్ర డాక్టరు వచ్చి చెప్పాడు. ఎందుకో అతనికీ తెలియలేదు. చివరికి వేరే ఆసుపత్రి నుంచి మత్తు డాక్టరును పిలిపించారు. వయసు మళ్లిన మనిషి. లోపలికి వెళ్లి చూసి బయటికి వచ్చి, అమ్మ పక్కన బెంచీ మీద కూర్చుని ఆవిడ అడిగిన మొదటి మాట: "అమ్మా, మీరు ఆర్యవైశ్యులా?"

అమ్మకు ఒళ్లు మండింది. కొడుకు లోపల అలా పడి ఉంటే కులం అడుగుతారేమిటని నా వంక చూసింది. ఆవిడ నొచ్చుకోకుండా విడమరిచి చెప్పారు. శ్వాసగొట్టం వేయడానికి ముందు కండరాలు సడలడానికి సక్సినైల్‌కోలిన్ అనే మందు ఇస్తారట. మామూలు మనుషుల రక్తంలో అది కొద్ది నిమిషాల్లోనే విరిగిపోతుంది. దాన్ని విరగగొట్టే ఎంజైము పేరు బ్యుటిరైల్‌కోలినెస్టరేజ్. కొందరికి పుట్టుకతోనే ఆ ఎంజైము పనిచేయదు. వారిలో ఆ మందు గంటల తరబడి కండరాలను కట్టేస్తుంది. "మీవాళ్లలో ఇది చూస్తుంటాం. భయం లేదు, మందు దిగేదాకా ఊపిరి మేం అందిస్తాం" అన్నారు. ఆరు గంటల తరవాత తమ్ముడు వేలు కదిపాడు.

మర్నాడు నా చెయ్యి పట్టుకుని వాడు చెప్పిన మాట ఇది: "అక్కా, మధ్యలో నాకు తెలివి వచ్చింది. నర్సులు మాట్లాడుకోవడం వినిపించింది. కనురెప్ప ఎత్తుదామంటే లేవలేదు. పోయానేమో, పోయినవాళ్లకు ఇలాగే వినిపిస్తుందేమో అనుకున్నాను."

ఇంటికి పంపేటప్పుడు ఇచ్చిన కాగితాల్లో ఈ సంగతి ఒక్క ముక్క కూడా రాయలేదు. మేమూ అడగలేదు. తమ్ముడి పెద్దమ్మాయికి సంబంధాలు చూస్తున్న రోజులవి. "రక్తంలో ఏదో లోపమట అని ఒక్కరికి తెలిసినా పిల్ల బతుకు ఏమవుతుంది? ఎవరితోనూ అనకండి" అంది అమ్మ. జన్యుశాస్త్రం చెప్పే నేను కూడా నోరు మూసుకున్నాను. రెండేళ్లకు మా పిన్ని కూతురికి సిజేరియన్ చేస్తూ అదే మందు ఇచ్చారు. పుట్టిన బిడ్డను అది చూసుకున్నది మర్నాటి ఉదయం. ప్రాణం దక్కింది. కానీ అది నన్ను అడిగింది, "నీకు ముందే తెలుసటగా అక్కా?" అని.

అప్పటినుంచి చదవడం మొదలుపెట్టాను. చదువుతూ పోతే నా చదువు నన్ను ఇజ్రాయెల్‌కు తీసుకుపోయింది. మనలాంటి ఇబ్బందే పడిన మరో జనం ఏం చేశారో అక్కడ కనిపించింది. అది మీకు చెప్పాలనే ఈ ఉత్తరం.

మన ఇంట్లో దాచుకున్న ఈ ఎంజైము లోపం మనకు మాత్రమే ప్రత్యేకం కాదు. ఇరాన్, ఇరాక్‌ల నుంచి వచ్చిన యూదుల్లో కూడా ఇది చాలా ఎక్కువ. ఆ సంగతి 1970ల తొలినాళ్లలోనే ఇజ్రాయెల్‌లోని టెల్ హషోమెర్ ఆసుపత్రి వైద్యులు రాశారు. జన్యువు ఒకటే, అందులో తప్పు పడిన చోటు వేరు. వేరే సముద్రం ఒడ్డున, వేరే దేవుణ్ణి కొలిచేవారి ఒంట్లో ఇదే ఎంజైము పనిచేయడం లేదని చదివినప్పుడు అమ్మ గుర్తొచ్చింది. ఇది మా వంశానికి పట్టిన మచ్చ అనుకుంటూనే అమ్మ పోయింది.

ఆ ఆసుపత్రిని చాలాకాలం నడిపిన వైద్యుడు ఖాయిమ్ షేబా. 1908లో అప్పటి ఆస్ట్రియా-హంగరీలోని బుకోవినాలో పుట్టి, 1933లో పాలస్తీనా చేరాడు. 1948లో ఇజ్రాయెల్ ఏర్పడ్డాక మూడు నాలుగేళ్లలోనే ఆ దేశ జనాభా రెట్టింపయింది. యెమెన్ నుంచి దాదాపు 50 వేల మందిని, ఇరాక్ నుంచి లక్షకు పైగా జనాన్ని విమానాల్లో తెచ్చారు. అందరూ యూదులే. ఒకే ధర్మగ్రంథం, ఒకే పండగలు. కానీ ఆసుపత్రికి వచ్చేసరికి ఒక్కొక్క ఊరి వారికి ఒక్కొక్క జబ్బు. ఫావా అనే ఒక రకం చిక్కుడు గింజలు తిన్నా, కొన్ని మలేరియా మందులు వేసుకున్నా కొందరి ఎర్రరక్తకణాలు పగిలిపోయేవి, మూత్రం నల్లగా వచ్చేది. జీ6పీడీ అనే ఎంజైము లోపం వల్ల వచ్చే జబ్బు అది. షేబా, ఆయన సహచరుడు ఆర్యే షైన్‌బర్గ్ 1950ల చివర ఎవరెవరిలో ఎంత ఉందో లెక్కగట్టారు. కుర్దిస్తాన్ నుంచి వచ్చిన యూదు మగవాళ్లలో సగానికి పైగా, సుమారు 60 శాతం మందిలో ఆ లోపం ఉంది. ఇరాక్ వారిలో నాలుగో వంతు. యూరప్ నుంచి వచ్చిన అష్కెనాజీ యూదుల్లో నూటికి ఒక్కరు కూడా లేరు.

ఒక్కసారి ఆగి ఈ అంకెలు చూడండి. "యూదుల రక్తం" అన్న మాటకు అర్థమే లేకుండా పోయింది ఇక్కడ. కుర్దిస్తాన్ కొండ ఊళ్లలో తరతరాలుగా మలేరియా ఉంది. ఆ లోపం ఉన్నవారిని మలేరియా అంత తేలిగ్గా చంపలేదు, అందుకే అది అక్కడ పెరిగింది. పోలండ్ చలిలో బతికినవారికి దాని అవసరం లేదు. జబ్బు మతాన్ని బట్టి రాలేదు. ఆ జనం ఎక్కడ, ఎవరి పక్కన, ఎంతమందిగా బతికారో దాన్ని బట్టి వచ్చింది.

ఈ పనిని జీవితాంతం చేసిన మనిషి బాత్‌షెవా బొన్నే తమీర్. 1932లో జెరూసలేంలో పుట్టింది. నన్ను అన్నిటికంటే ఎక్కువ ఆకట్టుకున్నది ఈమె పనే, ఎందుకంటే ఈమె మొదలుపెట్టింది వంశవృక్షాలతో. 1960లలో సమరిటన్ల దగ్గరికి వెళ్లింది. సమరిటన్లు పాత ఇశ్రాయేలీయుల సంతతి తామేనని చెప్పుకొనే ఒక చిన్న జనం. మొదటి ప్రపంచయుద్ధం ముగిసే నాటికి వారిలో మిగిలింది 146 మందే. ఆమె వెళ్లేనాటికి కొందరు గెరిజీం కొండ కింద నాబ్లస్ పట్టణంలో, కొందరు టెల్ అవీవ్ పక్కన హోలోన్‌లో ఉండేవారు. అంత కొద్దిమంది బయటివారిని చేసుకోకపోతే ఇంకేముంది, పిన్నమ్మ పిల్లలూ పెదనాన్న పిల్లలే వధూవరులయ్యేవారు. ఆమె ఇంటింటికీ వెళ్లి ఎవరికి ఎవరు పుట్టారో, ఎవరు ఎవరిని చేసుకున్నారో, ఏ బిడ్డ పోయిందో రాసుకుంది. రక్తం తీసుకోవడం ఆ తరవాతి సంగతి. మన వైపు పెళ్లిళ్లలో వంశావళి చెప్పేటప్పుడు పురోహితుడు మూడు తరాల పేర్లు చదివి ఆగుతాడు. ఆమె ఆగలేదు.

తరవాత యెమెన్ దక్షిణాన హబ్బాన్ నుంచి వచ్చిన యూదులను చూసింది. శతాబ్దాలుగా మిగతా యూదులకు దూరంగా, చిన్న గుంపుగా బతికినవారు. వారిలో పిల్లల మెదడులోని తెల్లపదార్థం కరిగిపోయే ఒక జబ్బు 75 కాన్పుల్లో ఒకదానికి కనిపించిందని ఇజ్రాయెల్ వైద్యులు రాశారు. 75లో ఒకటంటే, ఏటా 75 కాన్పులు జరిగే ఊరిలో ఏటా ఒక ఇల్లు ఏడుస్తుంది. బొన్నే తమీర్ యూదులతోనే ఆగలేదు. పుట్టు చెవుడు ఉన్న ఒక పాలస్తీనా అరబ్బు కుటుంబాన్ని పరిశీలించి, ఆ చెవుడుకు కారణమైన జన్యువు 21వ క్రోమోజోము మీద ఏ భాగంలో ఉందో 1996లో తన బృందంతో కలిసి చూపించింది. టెల్ అవీవ్ విశ్వవిద్యాలయంలో ఆమె ఏర్పాటు చేసిన జాతీయ ప్రయోగశాలలో ఇరాక్ యూదులు, మొరాకో యూదులు, ఇథియోపియా యూదులతో పాటు డ్రూజ్‌లు, పాలస్తీనీయులు, బెడూయిన్ల కణాలను కూడా భద్రపరిచారు. రాజకీయం ఆ దేశంలో మనుషుల మధ్య ఎన్ని గోడలు కట్టిందో పేపర్లు చదివే అందరికీ తెలుసు. ఆ శీతల పెట్టెలో మాత్రం అందరి కణాలూ పక్కపక్కనే ఉన్నాయి.

ఇంకొక ఉదంతం చెప్పకుండా ఉండలేను. లిబియా నుంచి వచ్చిన యూదుల్లో క్రాయిట్స్‌ఫెల్ట్ యాకోబ్ అనే జబ్బు ప్రపంచంలో మరెక్కడా లేనంత ఎక్కువగా ఉందని 1974లో ఇజ్రాయెల్ వైద్యులు గమనించారు. నడివయసులో మతి తప్పడం మొదలై కొన్ని నెలల్లోనే మనిషి పోతాడు. కారణం ఏమిటి? వారి వంటల్లో గొర్రె మెదడు, గొర్రె కళ్లు ఉంటాయి, సరిగా ఉడకకుండా తింటారు కాబట్టే అని అనుమానించారు. ఏళ్ల తరబడి ఆ మాటే నడిచింది. పోయినవారి భార్యలు, తల్లులు తాము వండిన వంటే చంపిందనుకుని ఎంత కుమిలిపోయి ఉంటారో ఊహించండి. 1990ల తొలి ఏళ్లలో అసలు కారణం బయటపడింది. ప్రియాన్ అనే ప్రొటీనును తయారుచేసే జన్యువులో ఒక్క అక్షరం తప్పు. అదే తప్పు స్లొవేకియాలోని కొన్ని పల్లెల్లోనూ, చిలీలోనూ దొరికింది. వంటింటికీ దానికీ సంబంధమే లేదు. మన ఇళ్లలో కూడా బిడ్డ లోపంతో పుడితే గ్రహణం రోజు తల్లి ఏదో కోసిందని, కాలు కదిపిందని అంటారు కదా. జన్యువు పేరు బయటపడితే నింద తల్లి మీద నుంచి దిగిపోతుంది. జన్యుశాస్త్రం మన ఆడవాళ్లకు చేయగల మేలు నా దృష్టిలో ఇదే మొదటిది.

ఇంతకీ కొన్ని జబ్బులు కొన్ని జనాల్లోనే ఎందుకు గుమిగూడతాయి? కరవు వచ్చి ఊరిలో విత్తనాలన్నీ పోయి గంపెడే మిగిలాయనుకోండి. ఆ గంపతోనే మళ్లీ ఊరంతా చల్లితే, గంపలో పడిన పుచ్చు గింజ గుణం ఏ చేలో చూసినా కనిపిస్తుంది. దీన్నే స్థాపక ప్రభావం అంటారు. ఇప్పుడు కోటి మంది ఉన్న అష్కెనాజీ యూదుల మూలపురుషులు, మూలస్త్రీలు సుమారు 600 నుంచి 800 ఏళ్ల కిందట 350 మంది దాకా మాత్రమే ఉన్నట్టు వారి జన్యుపటాన్ని చదివి 2014లో లెక్కగట్టారు. అంటే పెనుగొండలో అమ్మవారితో నిలబడ్డారని మనం చెప్పుకొనే నూట రెండు గోత్రాల వారి లాంటి చిన్న గుంపు. ఆ కథకు చరిత్రలో ఎంత ఆధారం ఉందో నేను చెప్పబోవడం లేదు. కానీ కొద్దిమంది నుంచి విస్తరించిన జనం మనది అనే మాటను మన రక్తం కూడా చెబుతోంది.

దాన్ని చదివింది మన హైదరాబాద్‌లోని సీసీఎంబీ (కణ, అణు జీవశాస్త్ర కేంద్రం) శాస్త్రవేత్తలే. లాల్జీ సింగ్, కుమారస్వామి తంగరాజ్ అమెరికాకు చెందిన డేవిడ్ రైక్ బృందంతో కలిసి 2009లో ప్రచురించిన పరిశోధనలో ఆంధ్ర వైశ్యులు ఉన్నారు. రెండు వేల ఏళ్లకు పైగా బయటినుంచి దాదాపు ఎవరినీ కలుపుకోని జనంగా కనిపించారు. 2017లో అదే శాస్త్రవేత్తలు దక్షిణాసియాలోని 263 సముదాయాలను పరీక్షించి, వాటిలో 81 సముదాయాల స్థాపక ప్రభావం అష్కెనాజీ యూదుల కంటే, ఫిన్లాండ్ వారి కంటే బలంగా ఉందని తేల్చారు. ఆ 81లో పది లక్షలకు పైగా జనం ఉన్నవి 14. తెలుగు నేలకు చెందిన ఇతర కులాలు కూడా వాటిలో ఉన్నాయి కాబట్టి ఈ ఉత్తరం ఆ సంఘాల పెద్దలు చదివినా సంతోషమే. వైశ్యులకు వారు చూపిన ఉదాహరణ మా తమ్ముడిదే. ఆ ఎంజైము లోపం మనలో మిగతావారి కంటే సుమారు వంద రెట్లు ఎక్కువ.

యూదులు తమ జబ్బులను ఏం చేశారన్నది ఇక చెప్పాలి.

టే సాక్స్ అనే జబ్బు ఉంది. బిడ్డ బొద్దుగా, ముద్దుగా పుడుతుంది. ఆరు నెలల దాకా నవ్వుతుంది, బోర్లా పడుతుంది. తరవాత నేర్చుకున్నవి ఒక్కొక్కటే మరచిపోతుంది. మెడ నిలపదు, చిన్న చప్పుడుకే ఉలిక్కిపడుతుంది, చూపు పోతుంది. కంటి వెనక పొరలో ఎర్రని చుక్క కనిపిస్తుంది. లండన్ నేత్రవైద్యుడు వారెన్ టే దాన్ని 1881లో మొదట చూశాడు. నాలుగైదేళ్లు నిండకుండానే బిడ్డ పోతుంది. అష్కెనాజీ యూదుల్లో సుమారు 30 మందిలో ఒకరు ఈ జన్యువుకు వాహకులు, అంటే తప్పు జన్యువును మోసేవారు. వారికి ఏ జబ్బూ ఉండదు. వాహకులైన ఇద్దరికి పెళ్లయితే ప్రతి కాన్పులోనూ నాలుగింట ఒక వంతు ప్రమాదం. నేను నల్లబల్ల మీద ముప్పై ఏళ్లు గీసిన నాలుగు గళ్ల పట్టిక అదే.

ఏ ఎంజైము లోపం వల్ల ఆ జబ్బు వస్తుందో 1969లో తెలిసింది. దానితో వాహకులను రక్తపరీక్ష ద్వారా గుర్తించడం వీలయింది. అమెరికాలో మైకేల్ కాబాక్ అనే పిల్లల వైద్యుడు ముందుగా మతపెద్దలతో, మహిళా బృందాలతో నెలల తరబడి మాట్లాడాడు. 1971 మే నెలలో ఒక ఆదివారం వాషింగ్టన్ పక్కన బెథెస్డాలోని ప్రార్థనామందిరంలోనే బల్లలు వేసి రక్తం తీసుకున్నారు. ఆ ఒక్కరోజే 1,800 మంది దాకా వచ్చారు. ఆసుపత్రిలో పెట్టి ఉంటే అంతమంది వచ్చేవారు కారని నా నమ్మకం. తరవాతి దశాబ్దాల్లో అమెరికా, కెనడా యూదుల్లో టే సాక్స్‌తో పుట్టే పిల్లలు 90 శాతానికి పైగా తగ్గిపోయారు.

అయితే సంప్రదాయం గట్టిగా పాటించే యూదుల దగ్గర ఈ పద్ధతి అంతగా సాగలేదు. అక్కడ పెళ్లిళ్లు పెద్దలు కుదిర్చేవే. గర్భస్రావం వారికి సమ్మతం కాదు. వాహకుడని పేరు పడితే ఆ పిల్లకు, పిల్లవాడికే కాదు, వారి తోబుట్టువులకు కూడా సంబంధాలు రావు. అచ్చం మా అమ్మ భయం! న్యూయార్క్‌లోని బ్రూక్లిన్‌లో రబ్బీ (యూదు మతగురువు) జోసెఫ్ ఎక్‌స్టీన్ నలుగురు పిల్లలను ఈ జబ్బుకే పోగొట్టుకున్నాడు. 1983లో దోర్ యెషోరిమ్ అనే సంస్థ పెట్టాడు, సన్మార్గుల తరం అని ఆ పేరుకు అర్థం. పెళ్లీడు పిల్లలు రక్తం ఇస్తే పేరు లేకుండా ఒక అంకె ఇస్తారు. ఫలితం ఎవరికీ చెప్పరు, ఆ పిల్లలకు కూడా. సంబంధం మాటల్లోకి వచ్చాక రెండువైపులవారూ ఫోను చేసి రెండు అంకెలు చెబుతారు. ఇద్దరూ ఒకే జబ్బుకు వాహకులైతే ఈ జోడీ కుదరదని చెబుతారు. లేదంటే కుదురుతుందంటారు, అంతే. వాహకుడు వాహకురాలు కాని పిల్లను చేసుకుంటే ఏ చిక్కూ లేదు కనుక ఎవరి మీదా ముద్ర పడదు.

మనిషి ఫలితం మనిషికే చెప్పకపోవడం తప్పని వాదించే వైద్యులు ఉన్నారు. పెద్దవాళ్లయిన పిల్లలు అడిగితే చెప్పాల్సిందేనని నేను కూడా అనుకుంటాను. కానీ చేతిలో జాతకాలు పట్టుకుని పెళ్లిళ్లు కుదిర్చే సమాజానికి, దాని మర్యాదను దాని దారిలోనే కాపాడుతూ ఇంత కచ్చితమైన ఉపాయం చెప్పినవారిని నేను మరెక్కడా చూడలేదు. నక్షత్రం కలిసిందా అని అడిగే నోటితోనే అంకె కలిసిందా అని అడగడం మనకేమీ కొత్త కాదు.

దీనిలో ప్రమాదం కూడా ఉంది. దాన్ని దాచిపెట్టి ఈ ఉత్తరం ముగిస్తే నేను మళ్లీ పాత తప్పే చేసినదాన్నవుతాను. వంశం పేరుతో మనుషులను కొలవడం ఎక్కడికి పోయిందో యూదుల కంటే ఎక్కువ తెలిసినవారు లేరు. రక్తశుద్ధి గురించి అంత మాట్లాడిన నాజీలు 1935లో న్యూరెంబర్గ్ చట్టాలు చేసినప్పుడు, యూదుడెవరో తేల్చడానికి రక్తంలో వారికి ఏ గుర్తూ దొరకలేదు. తాతలు, బామ్మలు ఏ ప్రార్థనామందిరం పుస్తకంలో నమోదయ్యారో చూశారు. లేని జన్యువు పేరు చెప్పి లక్షల కుటుంబాలను చంపారు. అందుకే 1990లలో రొమ్ముక్యాన్సర్ జన్యువుల్లోని కొన్ని తప్పులు అష్కెనాజీల్లో 40 మందిలో ఒకరికి ఉన్నాయని తెలిసినప్పుడు, అమెరికా యూదులు తమ ఆడపిల్లలకు బీమా ఇవ్వరేమో, ఉద్యోగాలు ఇవ్వరేమో అని భయపడ్డారు. ఆ భయాలకు జవాబుగా అమెరికాలో 2008లో జన్యువివక్షను నిషేధించే చట్టం వచ్చింది.

మనలో ఇప్పుడు రెండో రకం పిచ్చి మొదలైంది. "రెండు వేల ఏళ్లు రక్తం కలవలేదట, మనది స్వచ్ఛమైన వంశం" అని వాట్సాప్‌లో తిప్పుతున్నారు. సీసీఎంబీ పరిశోధనను చదివి గర్వపడవలసింది ఇందుకా? కలవకపోవడం వల్లే కదా మా తమ్ముడు ఆరు గంటలు కదలకుండా పడి ఉన్నది. యూదులుగా ఉండడానికి ఒకే రక్తం అక్కర్లేదని కూడా అవే పరిశోధనలు చెబుతున్నాయి. కొచ్చి యూదులు, బొంబాయి వైపు బెనే ఇజ్రాయెల్ యూదుల జన్యువుల్లో పశ్చిమాసియా జాడ ఉన్నా, చాలా భాగం చుట్టుపక్కల భారతీయులదేనని సీసీఎంబీ శాస్త్రవేత్తలు కూడా పాల్గొన్న పరిశోధన 2016లో చూపింది. అంతమాత్రాన వారు యూదులు కాకుండా పోలేదు. మా జిల్లాలోనే చేబ్రోలు దగ్గర కొత్తరెడ్డిపాలెంలో బెనే ఎఫ్రాయిమ్ అనే తెలుగు యూదులున్నారు. శనివారం విశ్రాంతి పాటిస్తారు, తెలుగే మాట్లాడతారు. వారు ఎవరన్నది వారి నడతను బట్టి తెలుస్తుంది. రక్తం చెప్పగలిగింది ఏ మందు పడదు, ఏ జబ్బు రావచ్చు అన్నంత వరకే.

ఇక మీరు చేయవలసింది చెబుతాను. ఎంజైము లోపం వల్ల పెళ్లికి ఏ అడ్డూ లేదు, దాన్ని ఏ బయోడేటాలోనూ రాయనక్కర్లేదు. అది తెలిసి ఉండవలసింది ఆపరేషన్ చేసే డాక్టరుకు. తెలిస్తే వేరే మందు ఇస్తారు, అంతటితో సమస్య తీరిపోతుంది. పరీక్ష కూడా కొత్తది కాదు. పురుగుమందు తాగినవారిని తెస్తే గుంటూరు ఆసుపత్రుల్లో రోజూ చేసే కోలినెస్టరేజ్ పరీక్షే. గర్భిణుల్లో, కాలేయ జబ్బున్నవారిలో కూడా ఆ ఎంజైము తగ్గుతుంది కనుక ఫలితాన్ని డాక్టరు చూసి చెప్పాలి, అనుమానం ఉంటే జన్యుపరీక్షతో నిర్ధారించాలి. కుటుంబంలో ఒకరికి ఉందని తేలితే తోబుట్టువులందరికీ ముందుగా చేయించాలి. మా ఇంట్లో అలా చేయిస్తే నాది మామూలుగా ఉంది, మా చిన్న చెల్లెలికి ఎంజైము దాదాపు లేదు. దానికి ఇంతవరకు ఏ ఆపరేషనూ కాలేదు. సంఘం తరఫున చేయవలసింది ఏటా అమ్మవారి జయంతికి పెట్టే రక్తదాన శిబిరంలోనే మరో బల్ల వేయడం, లోపం ఉన్నవారికి తెలుగులోనూ ఇంగ్లిషులోనూ మందు పేరు అచ్చు వేసి ఒక కార్డు ఇవ్వడం. ఏ ఆసుపత్రికి వెళ్లినా మొదట ఆ కార్డే చూపించాలి.

రెండో పనికి కొంత కాలం పడుతుంది. మనలో బిడ్డలను చిన్నప్పుడే తీసుకుపోయే, తల్లిదండ్రులిద్దరి నుంచీ తప్పు జన్యువు వస్తేనే పైకి తేలే జబ్బులు ఏమేమి ఉన్నాయో ఇంకా ఎవరూ పూర్తిగా జాబితా వేయలేదు. బొన్నే తమీర్ సమరిటన్ల ఇళ్లలో రాసుకున్నట్టు, పోయిన పసిపిల్లల సంగతులు కూడా చేర్చిన వంశవృక్షాలు కావాలి. అవి మీ దగ్గర సగం ఇప్పటికే ఉన్నాయి. గోత్రం, ఇంటిపేరు, మేనరికం ఎన్ని తరాలుగా సాగుతోందో మీ పరిచయ పుస్తకాల కంటే బాగా చెప్పేవి లేవు. ఆ కుటుంబాల సమ్మతి తీసుకుని, పేర్లు బయటికి రాకుండా, జన్యుశాస్త్రవేత్తలతో కలిసి పనిచేయండి. జాబితా తయారైన రోజున అంకెల పద్ధతి పెట్టండి. ఆ అంకెల పుస్తకం మాత్రం సంఘం కార్యదర్శి బీరువాలో ఉండకూడదు. రహస్యం కాపాడడం వృత్తిగా ఉన్న ప్రయోగశాల చేతిలోనే ఉండాలి. ఇది నేను గట్టిగా చెబుతున్న మాట, ఎందుకంటే మన ఊళ్లలో రహస్యం ఎంతసేపు నిలుస్తుందో మీకూ తెలుసు, నాకూ తెలుసు.

ఈ కార్తీకంలో మా పట్టణంలో జరిగే పరిచయ వేదికలో నాకు ద్వారం దగ్గర ఒక బల్ల, రెండు కుర్చీలు ఇప్పించండి. కార్డులు నేనే అచ్చు వేయించి తెస్తాను. రెండో కుర్చీలో మా తమ్ముడు కూర్చుంటాడు. ఆ ఆరు గంటలు ఎలా గడిచాయో అడిగినవారికి తనే చెబుతానన్నాడు.

ఇట్లు,
మీ ఆడపడుచు